నడవని దారి సాగే లోకం: కొలతలు ఎలా నిలుస్తాయి?

దారికథకుడు:
నేను రాస్తున్న నవలలో చోటు స్థిరంగా ఉండదు. జనం నిత్యం నడిచే దారి క్రమంగా కురచవుతుంది, ఎవరూ అడుగుపెట్టని చోటు సాగుతూ పోతుంది. రెండు ఊళ్ళ మధ్య రాకపోకలు ఆగిపోతే, ఒక తరం గడిచేసరికి వాటి నడుమ అడవి పట్టేంత ఎడం పుడుతుంది. సిద్ధాంతంగా ముచ్చటగానే ఉంది గానీ, రాయడానికి కూర్చుంటే ఒక ప్రశ్న దగ్గర కలం ఆగిపోతోంది. చోటుతో పాటు కొలతాడు కూడా సాగితే, సాగిన సంగతి ఎవరికైనా ఎలా తెలుస్తుంది? ఇటువంటి లోకాలను కథల్లోనో ఆటల్లోనో నడిపినవారు ఈ చిక్కును ఎలా విప్పుకున్నారో చెప్పగలరు.

రేఖాగణితం:
మీ సందేహం పాతదే. విశ్వంలోని సమస్తమూ, మన శరీరాలూ కొలబద్దలతో సహా, ఒక్క రాత్రిలో ఒకే నిష్పత్తిలో పెరిగిపోతే తెల్లవారాక ఎవరూ గుర్తించలేరని ఫ్రెంచి గణితజ్ఞుడు ఆన్రీ పొయాంకరే వాదించారు. కాబట్టి సాగనిది ఏదో ఒకటి ఉండి తీరాలి. దానికి మన విశ్వమే దారి చూపుతుంది. గెలాక్సీల మధ్య దూరం పెరుగుతోందని 1929లో ఖగోళ శాస్త్రజ్ఞుడు ఎడ్విన్ హబుల్ పరిశీలనలు చూపాయి, అయినా పరమాణువులను, శరీరాలను, సౌర కుటుంబాన్ని పట్టి ఉంచే బలాలు వాటిని సాగనివ్వవు. అదే నియమాన్ని మీరూ అరువు తెచ్చుకుని, ఖాళీ సాగుతుంది, పదార్థం సాగదు అనండి. అప్పుడు కొలతాడు నమ్మకమైన సాక్షి అవుతుంది. రెండు గుంజలకు బిగించి కట్టి వదిలేస్తే ఏదో ఒక నాడు తెగిపోతుంది కూడా.

ఈ నియమంతో నేను ఒక కథ రాశాను. అందులో నాయిక ఏళ్ళ తరబడి మూసి ఉన్న ఇంటికి తిరిగి వస్తుంది. తలుపు రెక్కల మధ్య వేలు దూరేంత సందు, కొక్కేనికి అందక వేలాడుతున్న గొళ్ళెం, గోడ గూటిలోంచి జారి ఒక అంచు మీద మాత్రమే నిలిచిన దూలం, నేల పలకల మధ్య నల్లటి చీలికలు. ఈ నాలుగింటినీ వరుసగా చూపాక సిద్ధాంతాన్ని పాత్రల చేత చెప్పించవలసిన అవసరమే రాలేదు.

ఆటసారథి:
ఇదే నియమాన్ని నేను పాత్రధారణ ఆటలో, అంటే ఆటగాళ్ళు తలా ఒక పాత్రగా మారి కథ నడిపే ఆటలో, వాడాను. ఆటగాళ్ళు దొరికిన ప్రతి సందులోంచీ దూరతారు గనుక, సిద్ధాంతంలోని లోపాలు రచయితకంటే వారికే ముందు కనిపిస్తాయి. మా లోకంలో భూమి పన్నును పొలిమేర చుట్టుకొలతను బట్టి వేసేవారు. అది తెలియగానే ఆటగాళ్ళు ఒక బీడు కొని, లోపల కాలు పెట్టకుండా గట్టు వెంట మాత్రమే తిరగడం మొదలుపెట్టారు. గట్టు నానాటికీ కుదించుకుపోయింది, లోపలి నేల ఉబ్బింది, పన్ను తగ్గుతూ ఉండగా ఆస్తి పెరిగింది. సమతలం మీద వృత్త పరిధి వ్యాసానికి 3.14 రెట్లు ఉంటుంది, కానీ వారి బీడులో అది రెండు రెట్లకు కూడా చేరలేదు. మూతి బిగించిన సంచీలా తయారైంది. తీరా పంట వేద్దామని లోపలికి నడిస్తే ఆ నడకే దాన్ని మళ్ళీ కుదించసాగింది! ఆ ఆట మొత్తంలో అంత రసవత్తరమైన వాగ్వాదం మరొకటి జరగలేదు.

పశువుల నడక లెక్కలోకి వస్తుందా అన్నది ముందే తేల్చుకోండి. మేకలను కూడా లెక్కిస్తే లోకంలో చోటనేదే మిగలదు.

పటాలపిచ్చి:
ఆటసారథి గారు చెప్పినదానికి ఊరు సరిగ్గా తలకిందులుగా ఉంటుంది. నడిబొడ్డుకు వచ్చే దారులు కురచగా ఉంటాయి, ఊరి చుట్టూ ఎవరూ తిరగని వెలుపలి అంచు పొడుగ్గా ఉంటుంది. అంటే పరిధి ఉండవలసినదానికన్నా ఎక్కువై, నేల కుచ్చిళ్ళు పోసినట్టు తయారవుతుంది. కాగితాన్ని గొట్టంలా చుట్టినట్టు ఒక్క దిశలోనే కాక, అన్ని దిశల్లోనూ వంపు తిరిగిన తలాన్ని పొడవులు చెడకుండా చదును చేయడం సాధ్యం కాదని 1827లో జర్మన్ గణితజ్ఞుడు గాస్ నిరూపించారు కనుక, మీ లోకంలో కాగితం మీద సరైన పటం గీయడం కుదరదు. నేను నా కథలో పటాలను అల్లించాను. ఇలా అంచు ఎక్కువై కుచ్చిళ్ళు పోసే తలాన్ని అతిపరావలయ తలం అంటారు, దాన్ని క్రోషె అల్లికతో చేసి చూపవచ్చని 1997లో డైనా తైమిణ అనే గణితజ్ఞురాలు కనుగొన్నారు. వరుస వరుసకూ కుట్లు పెంచుకుంటూ పోతే అంచు దానంతటదే మడతలు పడుతుంది. నా కథలో పటాలు అల్లేవారు బాటసారుల కబుర్లు విని, కురచైన చోట కుట్లు విప్పి, సాగిన చోట కొత్తవి వేస్తారు.

సందేహి:
సాగడం గురించే అందరూ చెబుతున్నారు, కుదింపు సంగతేమిటి? పదార్థం మారదన్నప్పుడు, కురచయ్యే దారి మీద ఉన్న బావులు, చెట్లు, ఇళ్ళు ఒకదాన్నొకటి ఒరుసుకుని కూలిపోవాలి కదా. ఈ ప్రశ్నకు జవాబు లేకపోతే మొత్తం నియమం నిలవదని నా అభిప్రాయం.

రేఖాగణితం:
న్యాయమైన అభ్యంతరమే. వస్తువులు ఒకదానికొకటి ఆనుకున్న చోట కుదింపు ఆగిపోతుందని పెట్టుకుంటే సరిపోతుంది, ఎందుకంటే అక్కడ కుదించడానికి ఖాళీ మిగలదు. అయితే కుదింపు నెమ్మదిగా, తరాల లెక్కన జరగాలి. వేగం పెంచితే బాటసారి ముందు కాలూ వెనుక కాలూ వేరు వేరు కొలతల్లో పడతాయి.

దారికథకుడు:
సందేహి గారి ప్రశ్న వల్ల నాకు కథే దొరికింది. దారి పక్కన ఒక్క సత్రం కట్టినా, సత్రం మందాన ఆ దారి ఇక కుదించుకోదు. అందుచేత వర్తకులు రహదారుల వెంట ఏ కట్టడమూ లేవకుండా కాపలా పెడతారు, నీడకోసం చెట్టు నాటినవాడు కూడా నేరస్థుడే అవుతాడు. ప్రయాణంలో జబ్బుపడినవారికి తలదాచుకునే చోటు ఉండదు. నా నాయకుడు రాత్రివేళ ఇటుకలు మోసుకొచ్చి, నడిదారిలో గోడ కట్టేవాడుగా మారుతున్నాడు. పశువులను లెక్కలోంచి తీసేశాను. పన్ను విషయంలో మాత్రం ఆటసారథి గారి బీడును అనుమతిస్తే వాడుకుంటాను.

ఆటసారథి:
నిరభ్యంతరంగా వాడుకోండి. ఆ బీడు యజమానులకు పన్ను వసూలు అధికారితో ఒక సన్నివేశం మాత్రం తప్పక పెట్టండి. గట్టు వెంట తిరిగి కొలిచిన ప్రతిసారీ, ఆయన నడక వల్లే చుట్టుకొలత మరికాస్త తగ్గుతుంది.