అప్‌డేట్: మార్కెట్ స్ట్రీట్ మూగచిత్రం ఏ ఏటిది?

శాన్ ఫ్రాన్సిస్కోలో కేబుల్ కారు (వీధిలో పట్టాలపై తీగ లాగితే నడిచే ట్రామ్ బండి) ముందుభాగాన కెమెరా అమర్చి మార్కెట్ స్ట్రీట్ పొడవునా మైల్స్ సోదరులు తీసిన మూగచిత్రం ఏ ఏటిదని నేను ఇదివరలో అడిగాను. చాలాకాలం అది 1905 నాటిదిగా చెలామణి అయినప్పటికీ, అందులో కనిపించే మోటారు కార్ల నంబరు ప్లేట్ల నమోదు వివరాలనూ, వీధిలో నిలిచిన వాన నీటినీ ఆధారంగా తీసుకుని, ఆనాటి పత్రికలను పరిశీలించిన సినీ చరిత్రకారుడు డేవిడ్ కీన్, 1906 ఏప్రిల్ 18 నాటి భూకంపానికి కొద్ది రోజుల ముందే దానిని చిత్రీకరించారని తేల్చారు. ఆ రోజుల్లో ఒకే వీధిలో అన్నేసి మోటారు కార్లు ఎక్కడివన్న నా రెండో సందేహం ఇంకా సులువుగా తీరింది: వాటిలో కొన్ని కెమెరా చుట్టూ తిరిగి మళ్లీ మళ్లీ వచ్చినవే. నిత్యజీవితమని నేను మురిసిపోయినదానిలో కొంత ఏర్పాటు చేసినదేనని ఒప్పుకోక తప్పలేదు. గుర్రపు బళ్ల నడుమ అడ్డదిడ్డంగా దాటే జనం మాత్రం నటించినట్లు నాకు తోచదు. చివర్లో కనిపించే ఫెర్రీ భవనం (పడవల రేవు) మాత్రం భూకంపాన్ని తట్టుకుని నేటికీ నిలిచే ఉంది.