పిలిస్తే పలకలేదని కేసు కొట్టేయడం న్యాయమేనా?

మహేంద్రతనయ ఒడ్డు (పర్లాకిమిడి):
మా చిన్న తాతయ్య భూమి దావా పోయిన నెల డిఫాల్ట్‌లో, అంటే పిలిచినప్పుడు రాలేదని, కొట్టేశారు. ఎనిమిదేళ్ల కేసు. ఆ రోజు ఆయన కోర్టుకి వెళ్లలేదా అంటే, తొమ్మిదిన్నరకే వెళ్లి వరండాలో కూర్చున్నాడు. ఆయన పేరు ‘అ’తో మొదలు. బంట్రోతు ఒడియా నోట్లో అది ‘ఒ’ అయింది, మిగతా అక్షరాలూ గుండ్రంగా దొర్లిపోయాయి. మూడుసార్లు పిలిచినా తన పేరేనని ముసలాయనకి తట్టలేదు. వకీలు గారు పక్క కోర్టులో ఉన్నారు. గుమ్మం దగ్గరున్న మనిషి రానట్టు లెక్కా? అసలు ఇలా కొట్టేసే అధికారమే ఉండకూడదు.

గుణుపురం గుమాస్తా:
అలా అంటే ఎలా తమ్ముడూ? వకీళ్ల దగ్గర ఇరవై ఏళ్లు గుమాస్తాగా చేశాను. దావా వేసి, స్టే తెచ్చుకుని, మళ్లీ అటు మొహం చూపించని వాళ్లు ఎంతమందో. ప్రతివాది మాత్రం కూలి మానుకుని, బస్సు ఛార్జీ పెట్టుకుని ప్రతి వాయిదాకీ రావాలి. సివిల్ ప్రొసీజర్ కోడ్‌లో 9వ ఆర్డరు ఉన్నది అందుకే. ఇద్దరూ రాకపోతే 3వ రూలు కింద కొట్టేస్తారు, గడువు మించకపోతే కొత్త దావా వేసుకోవచ్చు. ప్రతివాది వచ్చి వాది రాకపోతే 8వ రూలు. దాని కింద పోతే అదే కారణం మీద కొత్త దావా కుదరదు, పాతదాన్నే తెరిపించుకోవాలి. మీది ఏ రూలో ముందు ఆర్డరు కాపీ చూడు. వాదన తర్వాత.

సిరోంచా ఆడపడుచు:
మా నాన్న ప్రతివాది. పదకొండేళ్లు తిప్పారు. కొట్టేసిన రోజు ఇంట్లో పరమాన్నం వండాం. నెల తిరక్కుండా అవతలివాళ్లు జ్వరమని అఫిడవిట్ వేసి, కాస్త ఖర్చులు కట్టి మళ్లీ తెరిపించారు. మీ తాతయ్య మీద జాలే గానీ, నాకు ఒళ్లుమంట కొట్టేయడం మీద కాదు, మళ్లీ తెరవడం మీద.

మహేంద్రతనయ ఒడ్డు:
అక్కా, మీ బాధ అర్థమైంది. కానీ వకీలు లేకపోతే ఆ శిక్ష కక్షిదారుకా?

కోరాపుట్ నల్లకోటు:
1981లో రఫీక్, మున్షీలాల్ కేసులో సుప్రీంకోర్టు అదే అడిగింది. వకీలు రానందుకు అమాయకుడైన కక్షిదారు నష్టపోకూడదంది. అలాగని ప్రతిసారీ అది పని చేస్తుందనుకోకండి, మీ కేసు మీరు కనుక్కోరా అని కోర్టులు గట్టిగానే అడుగుతాయి. క్రిమినల్ అప్పీలైతే వేరు. ఎవరూ రాలేదని కొట్టేయడానికి లేదు, రికార్డు చూసి తేల్చాలని 1996లో బానీ సింగ్ కేసులో చెప్పారు. జైలుకి ఉన్న ఆ జాగ్రత్త రైతు పొలానికి ఎందుకు లేదన్నది నా గొడవ. అదలా ఉంచి, రెస్టొరేషన్‌కి, అంటే పాత దావా మళ్లీ తెరిపించుకోడానికి, కొట్టేసిన తేదీ నుంచి 30 రోజులే గడువు. దాటితే ఆలస్యానికి వేరే పిటిషన్, రోజు రోజుకీ సంజాయిషీ.

గుణుపురం గుమాస్తా:
అఫిడవిట్‌లో ఒంట్లో బాగాలేదని రాయించొద్దు. వరండాలో ఉన్నాడు, పిలుపు అర్థం కాలేదు. జరిగింది జరిగినట్టు రాయించు.

మహేంద్రతనయ ఒడ్డు:
కాపీ వచ్చింది. 8వ రూలే. ఇవాళ్టికి 24 రోజులు, రేపు పొద్దున్నే వకీలు గారింటికి. అధికారం ఉండకూడదన్న మాట వెనక్కి తీసుకుంటున్నా. కొట్టేసే ముందు ఒక్కసారి కక్షిదారు భాషలో పేరు పిలవాలి, అది మాత్రం తీసుకోను.

సిరోంచా ఆడపడుచు:
దానికి నాదీ ఓటే. ఇక్కడ మహారాష్ట్రలో మా ఇంటిపేరు మరాఠీలో పిలిస్తే నాన్నా పలకడు.