పారాసూకస్ మొసలికి పూర్వీకుడా, దాయాదా?

ప్రశ్న:
పూర్వపు ఆదిలాబాద్ జిల్లాలో, ప్రాణహిత-గోదావరి లోయలోని మలేరి రాతిపొరల్లో శిలాజంగా దొరికిన, మొసలిలా కనిపించే పారాసూకస్ అనే పురాతన సరీసృపం గురించి ఒక అనువాద వ్యాసం దిద్దుతున్నాను. అనువాదకులు 'మొసళ్ళ పూర్వీకుడు' అన్నారు. ఆ మాట దగ్గర ఆగిపోయాను. ఇది మొసలికి తాతో ముత్తాతో కాదు కదా! మరి ఏమనాలి?

జవాబు:
ఆగాల్సిన చోటే ఆగారండీ. పూర్వీకుడు అంటే ఎవరి వంశంలో మనం పుట్టామో ఆయన. పారాసూకస్‌ది ఫైటోసార్లు అనే పాత సరీసృపాల గుంపు. ఆ గుంపు సుమారు 20 కోట్ల ఏళ్ళ కిందట, ట్రయాసిక్ అనే భూచరిత్ర యుగం చివర్లో, నిర్వంశమైపోయింది. ఇవాళ్టి మొసలి వాటి సంతానం కాదు. రెండింటికీ ఇంకా వెనక ఒక ఉమ్మడి మూలం ఉంది, అంతే.

నా ఓటు 'దాయాది'కి. దాయం అంటే వారసత్వంగా వచ్చే ఆస్తి, అందులో వాటా ఉన్నవాడు దాయాది. ఇక్కడ ఆ అర్థం అచ్చంగా కుదురుతుంది. పారాసూకస్ పుర్రె చూడండి. పళ్ళు దవడ ఎముకలోని గుంటల్లో దిగి ఉంటాయి. మొసలికీ అంతే. ఇది పిత్రార్జితం. కంటికి కాస్త ముందు, పుర్రెకి రెండు పక్కలా ఒక్కో కన్నం ఉంటుంది. అదీ పిత్రార్జితమే, కాకపోతే మొసళ్ళు దాన్ని నిలబెట్టుకోలేదు, ఇప్పటి మొసలి పుర్రెలో అది కనిపించదు. మరి చూడగానే మొసలే అనిపించే ఆ పొడుగాటి మూతి? అది స్వార్జితం! నీళ్ళలో వేటాడే బతుకువల్ల రెండు శాఖల్లోనూ విడివిడిగా వచ్చింది. ముక్కు దగ్గర తేడా దొరికిపోతుంది. మొసలికి ముక్కు రంధ్రాలు మూతి కొసన ఉంటాయి, పారాసూకస్‌కి బాగా వెనక్కి, దాదాపు కళ్ళ దగ్గర.

అసలు ట్రయాసిక్ చివర్లో మొసలి సొంత శాఖవాళ్ళు ఎలా ఉండేవారో తెలుసా? అరిజోనాలో దొరికిన హెస్పెరోసూకస్, వేల్స్‌లో దొరికిన టెరెస్ట్రిసూకస్ పొడుగు కాళ్ళతో నేల మీద పరిగెత్తే సన్నపాటి జంతువులు. బొమ్మ చూస్తే మొసలి అని ఎవరూ అనరు. పోలిక చూసి వరస కలపడం ఎంత ప్రమాదమో!

సందేహం:
దాయాది అనగానే పేపర్లలో వచ్చే 'దాయాది దేశం', ఆ పోరు గుర్తొస్తాయండీ. పిల్లలు చదివేదైతే ఇబ్బంది. 'బంధువు' చాలదా?

జవాబు:
వియ్యంకుడూ బంధువే కదండీ. రక్తసంబంధానికీ పెళ్ళితో కలిసిన చుట్టరికానికీ తేడా ఆ మాటలో పోతుంది. 'జ్ఞాతి' అన్నా తప్పులేదు, కానీ వాడుకలో మైల, పురుడు సందర్భాల్లో తప్ప పెద్దగా వినపడదు. పిల్లల కోసమైతే 'ఒకే మూలం నుంచి చీలిన వేరే శాఖ' అని విడమరిచి రాయండి. పూర్వీకుడు మాత్రం వద్దు.

ఇంకో సౌకర్యం ఉంది. ఎంత దగ్గరి దాయాది అన్నది శాస్త్రవేత్తల మధ్యే తేలలేదు. కొందరు ఫైటోసార్లను మొసలి శాఖ మొదట్లో పెడతారు, కొందరు మొసళ్ళ శాఖా పక్షుల శాఖా విడిపోకముందే చీలిపోయాయంటారు. దాయాదికి తరాల లెక్క అక్కర్లేదు కాబట్టి, రేపు ఏది తేలినా మీ వాక్యం మార్చక్కర్లేదు.

మరొకరు:
పేర్ల గురించి ఒక్క మాట. 1885లో లిడెక్కర్ అనే శిలాజ శాస్త్రవేత్త పెట్టిన పారాసూకస్ అన్న పేరు చాలా జాగ్రత్తైన పేరు. 'పారా' అంటే పక్కన, 'సూకస్' గ్రీకులు ఈజిప్టు మొసలి దేవుణ్ణి పిలిచిన పేరు నుంచి వచ్చింది. మొసలి పక్కన నిలబడేది అని, మొసలి అని కాదు. ఫైటోసార్ సంగతి వేరు. 1828లో జర్మనీలో యేగర్ అనే శాస్త్రవేత్త దవడ గుంటల్లో గట్టిపడిన మట్టిని చూసి మొక్కలు నమిలే పళ్ళనుకుని 'మొక్కల బల్లి' అని పేరు పెట్టాడు. దాన్ని తెలుగు చేయకుండా ఫైటోసార్ అనే ఉంచండి. మలేరిలో దొరికిన పారాసూకస్ అస్థిపంజరాల కడుపు భాగంలో మలేరిసారస్ అనే చిన్న సరీసృపం ఎముకలు కనిపించాయి. మీ అనువాదంలో ఎక్కడైనా 'శాకాహారి' అని ఉంటే ముందు అది కొట్టేయండి.