జార్ల జనరలిస్సిమోల్లో సువోరోవ్ ఒక్కడే అర్హుడా?

ఫిరంగి:
జార్ల రష్యా సైన్యంలో ఫీల్డ్ మార్షల్ కంటే పైన జనరలిస్సిమో ఉండేది. నలుగురికే దక్కింది: షెయిన్ (1696), మెన్షికోవ్ (1727), ఆంటన్ ఉల్రిక్ (1740), సువోరోవ్ (1799). నా లెక్కలో సువోరోవ్ ఒక్కడే దానికి తగినవాడు. మిగతావన్నీ దర్బారు పంపకాలు. కాదంటారా?

కృష్ణాతీరం:
షెయిన్‌ని అలా తీసిపారేస్తే ఎలా అండీ? 1695లో జార్ మొదటి పీటర్ తుర్కుల అజోవ్ కోట మీదికి వెళ్లి ఉత్తచేతులతో తిరిగొచ్చాడు. గోలోవిన్, గోర్డన్, లెఫోర్ట్ ముగ్గురూ సేనాపతులే, ఒకరి మాట ఒకరు వినరు. మరుసటి ఏడు నేల మీది దళాలన్నీ షెయిన్ ఒక్కడి చేతికిచ్చారు, వొరోనెజ్‌లో కట్టిన ఓడలూ తోడయ్యాయి, కోట పడింది. మెన్షికోవ్ కూడా 1706లో స్వీడన్‌ మీద కాలిష్ యుద్ధం గెలిచినవాడే.

ఫిరంగి:
గెలిచాడు, ఒప్పుకుంటా. కానీ హోదా ఎప్పుడొచ్చిందో చూడండి. 1727 మే. గద్దె మీద పదకొండేళ్ల రెండో పీటర్. అదే నెలలో ఆ పిల్లాడికి మెన్షికోవ్ కూతురు మరియాతో నిశ్చితార్థం! సెప్టెంబరుకల్లా హోదా, ఆస్తి ఊడిపోయి, చివరికి సైబీరియాలోని బెర్యొజోవ్‌కి చేరాడు.

లైబ్రరీపురుగు:
ఇద్దరూ ఒక సంగతి వదిలేశారు. 1716 నాటి పీటర్ సైనిక నిబంధనావళిలోనే ఈ బిరుదు కిరీటధారులకూ, పెద్ద పెద్ద పాలక ప్రభువులకూ అని రాసి ఉంది. 1722 హోదాల పట్టికలో సైన్యం వరసలో అన్నిటికంటే పైన ఉన్నది ఫీల్డ్ మార్షల్, జనరలిస్సిమో కాదు. అంటే మొదటి నుంచీ అది రాజు ఇష్టమే. దానికి అర్హత కొలవడం దేనికి?

1740 చూడండి. రాజప్రతినిధి బిరోన్‌ని పడగొట్టింది ఫీల్డ్ మార్షల్ మ్యూనిఖ్. టర్కీ మీద ఒచాకోవ్, స్తవుచానీ గెలిచింది కూడా ఆయనే. జనరలిస్సిమో తనకే వస్తుందనుకున్నాడు. పసిచక్రవర్తి ఆరో ఇవాన్ తండ్రి కాబట్టి ఆంటన్ ఉల్రిక్‌కి పోయింది. ఏడాదికే మొదటి పీటర్ కూతురు ఎలిజబెత్ గద్దె లాక్కుంది, ఆ తండ్రి మిగతా జీవితం నిర్బంధంలోనే గడిపాడు.

మీ సువోరోవ్ సంగతీ అంతే. 1797లో ఆయన్ని కొలువు నుంచి తీసేసి కొంచాన్‌స్కొయె పల్లెకి పంపింది పావెల్ చక్రవర్తే. 1799లో ఆస్ట్రియా అడిగితే మళ్లీ పిలిచాడు. ఇటలీలో ఫ్రెంచివాళ్ల మీద త్రెబ్బియా, నోవి గెలిచినప్పుడు ఈ బిరుదు రాలేదు. జూరిచ్‌లో ఇంకో రష్యన్ సేనాని కోర్సకోవ్ ఓడిపోయాక, చుట్టూ ఫ్రెంచివాళ్లుండగా ఆల్ప్స్‌లోని పానిక్స్ కనుమ దాటి సైన్యాన్ని బయటపడేశాక వచ్చింది. 1800లో ఆయన తిరిగొచ్చేసరికి పావెల్‌కి మళ్లీ కోపం. స్వాగత సంబరాలు రద్దు. మే నెలలో ముసలాయన పోయాడు.

ఫిరంగి:
ఆ కొండల్లోంచి సైన్యాన్ని బతికించి తేవడం నోవి కంటే పెద్ద పని అని నేనంటాను. పావెల్ తిక్కమనిషే కావచ్చు, ఆ ఒక్కసారి మాత్రం సరైన పని చేశాడు.

గోదారిగట్టు:
సరే, పట్టికలో ఉన్న ఫీల్డ్ మార్షల్ మాత్రం పవిత్రమా గురువుగారూ? దర్బారు ప్రముఖుడు కిరీల్ రజుమోవ్‌స్కీకి 1764లో ఇచ్చారు, యుద్ధం మొహం చూడలేదు. వాళ్లన్న అలెక్సేయ్ ఇంకా నయం: నన్ను ఫీల్డ్ మార్షల్ చేసినా మంచి సైనికాధికారి అని కూడా ఎవరూ అనుకోరని ఎలిజబెత్‌తోనే అన్నాడని చెప్పుకుంటారు. 😀 కుతూజోవ్‌కి 1812లో నెపోలియన్‌తో బొరొదినో యుద్ధం తర్వాత ఇచ్చారు, ఆ వెంటనే ఆయన మాస్కో వదిలేశాడు. మన దేశంలో మానెక్షా, కరియప్ప ఇద్దరితో ఆపడం మంచి పని.

కృష్ణాతీరం:
మాస్కో వదలడం వల్లే కదండీ సైన్యం మిగిలింది! జార్ల ఆఖరి రోజుల్లో మాత్రం మీ మాటే నిజం. 1898లో మాజీ యుద్ధమంత్రి మిల్యూతిన్ తర్వాత రష్యన్ సేనాని ఎవరికీ ఫీల్డ్ మార్షల్ హోదా రాలేదు. 1910లో మాంటెనెగ్రో రాజుకీ, 1912లో రొమేనియా రాజు కరోల్‌కీ ఇచ్చారు. కరోల్ 1877లో టర్కీతో యుద్ధంలో ప్లెవ్నా దగ్గర ఉమ్మడి సేనలకి అధిపతి, కాబట్టి ఆయన్ని పక్కన పెడదాం. మరి 1916లో ఆస్ట్రియా వరసల్ని చీల్చిన రష్యా సేనాని బ్రుసిలోవ్‌కి?

లైబ్రరీపురుగు:
సెయింట్ జార్జి రెండో తరగతి పతకం ఇవ్వమని సిఫార్సు వెళ్లింది. జార్ రెండో నికోలస్ అదీ ఒప్పుకోలేదు. వజ్రాలు పొదిగిన కత్తి ఒకటి ఇచ్చి సరిపెట్టాడు.