హిల్డా ఆగ్డెన్ ‘మ్యూరియల్’కు తెలుగులో ఏ మాట?

ప్రశ్న అడిగిన సభ్యురాలు:

అందరికీ నమస్కారం. బ్రిటిష్ టీవీ నటి జీన్ అలెగ్జాండర్ గురించి ఒక వ్యాసం రాస్తూ ఒక్క మాట దగ్గర ఆగిపోయాను. ‘కొరొనేషన్ స్ట్రీట్’ సీరియల్‌లో ఆమె వేసిన హిల్డా ఆగ్డెన్ పాత్ర తన ఇంట్లో గోడంతా పరచుకున్న కొండల బొమ్మను చూసి మురిసిపోతూ ‘మా మ్యూరియల్’ అంటుంది. అనాల్సింది మ్యూరల్, అంటే గోడచిత్రం. మ్యూరియల్ అనేది అక్కడ ఆడవాళ్ల పేరు. ‘గోడబొమ్మ’ అని రాస్తే చమత్కారం పోతోంది. ‘మ్యూరియల్’ అనే ఉంచితే పక్కన వివరణ తగిలించాల్సి వస్తోంది. హిల్డా పబ్బులో ఊడ్చి తుడిచే మనిషి కదా, ఆమె మాటలన్నీ ఏదైనా యాసలో పెట్టేస్తే సరిపోతుందా? పెద్దలు చెప్పండి.

జవాబు:

యాస మాత్రం వద్దండి. మాట సంగతికి తర్వాత వస్తాను. మన అనువాదాల్లో, డబ్బింగుల్లో ఒక అలవాటు పాతుకుపోయింది. యజమాని పత్రికల భాష మాట్లాడతాడు, పనిమనిషి ఏదో ఒక జిల్లా యాస మాట్లాడుతుంది. ఆ జిల్లాలో డాక్టర్లూ, లాయర్లూ, కాలేజీ లెక్చరర్లూ అదే యాస మాట్లాడతారన్న సంగతి ఎవరికీ పట్టదు. అది ఆ జిల్లాకూ అన్యాయం, ఆ పాత్రకూ అన్యాయం.

పైగా హిల్డా విషయంలో అది అసలుకే తప్పు. కొరొనేషన్ స్ట్రీట్ 1960 డిసెంబర్ 9న మొదలైంది. మాంచెస్టర్ పక్కన ఉన్నట్టు కల్పించిన వెదర్‌ఫీల్డ్‌లో ఒక వీధి, ఆ వీధి చివర రోవర్స్ రిటర్న్ అనే పబ్బు. ఉత్తర ఇంగ్లండ్ కార్మికుల మాటతీరును ఉన్నదున్నట్టు టీవీలోకి తెచ్చిందనే ఆ సీరియల్‌కు పేరు. వీధిలో దాదాపు అందరిదీ ఒకే పలుకుబడి. అలాంటప్పుడు యాస హిల్డాను ఇరుగుపొరుగు నుంచి వేరు చేయదు. వేరు చేసేది పైకి అందుకోవాలన్న ఆమె తపన. ఆమె తుడిచే ఆ పబ్బు యజమానురాలు ఆనీ వాకర్. ఆ పాత్ర వేసిన డోరిస్ స్పీడ్ ప్రతి మాటనూ ఇస్త్రీ చేసినట్టు పలికేది. రోజూ ఆ గొంతు వింటూ నేల తుడిచే మనిషి నోట మ్యూరల్ లాంటి మాట రావడంలో వింతేముంది? ఆ మాట తనకూ దక్కాలనుకుంది, చేయి చాపి అందుకుంది, అందుకోవడంలో ఒక అచ్చు ఎక్కువైంది. అంతే.

ఆ గోడ గురించి రెండు ముక్కలు చెబుతాను, మాట ఎంచుకోవడానికి పనికొస్తాయి. 13వ నంబరు ఇల్లు. గోడకు అతికించిన పెద్ద కాగితం మీద మంచు కొండల దృశ్యం. దాని మీద ఎగురుతున్నట్టు తగిలించిన మూడు ప్లాస్టర్ బాతులు. మధ్య బాతు ఎప్పుడూ ముక్కు కిందికి వాలి ఒరిగిపోయి ఉంటుంది. చూసేవాళ్లకు అది నాసిరకం అలంకారం. హిల్డాకు మాత్రం అది ఆల్ప్స్ పర్వతాలు తన ఇంటికి నడిచి రావడం. అందుకని మీ తెలుగు మాటలో గర్వం ఉండాలి. నోరు తిరగని మనిషి మాటలా వినిపించకూడదు. ఇది నా గట్టి అభిప్రాయం.

మరో సభ్యుడు:

మ్యూరల్‌కు మనం కుడ్యచిత్రం అంటున్నాం కాబట్టి ‘గుడ్డి చిత్రం’ అనిపిస్తే? పాఠకులు వెంటనే నవ్వుతారు. లేదా అది కుడివైపు గోడ మీద ఉందనుకుంటే ‘కుడిచిత్రం’.

జవాబు:

మొదటిది ఒప్పుకోలేను. గుడ్డి అన్న మాట ఆ బొమ్మను కించపరుస్తుంది. హిల్డా ప్రాణం పోయినా తన బొమ్మను అలా అనదు. రెండోది కాస్త నయం, అందులో ఆమె తర్కం ఒకటి కనిపిస్తుంది. అయితే కుడిచిత్రం దిగువకు జారిన మాట. పెద్ద మాట కోసం వెళ్లి చిన్న మాటతో తిరిగొచ్చినట్టుంది. మ్యూరియల్ అలా కాదు. మ్యూరల్ కంటే మ్యూరియల్ పొడుగు, మర్యాదైన ఇంటి ఆడపిల్ల పేరు. ఆమె లెక్కలో అదే ఎక్కువ గొప్ప మాట.

ఇంకో సంగతి. హాస్పిటల్‌ను ఆసుపత్రి అన్నాం, లాంటర్న్‌ను లాంతరు అన్నాం, అలాంటివి బోలెడు. వాటిని చూసి ఎవరూ నవ్వరు, ఎందుకంటే ఊరంతా కలిసి మార్చుకున్న మాటలవి. హిల్డాది ఒంటరి మాట. దాన్ని అలా పలికేది ఆమె ఒక్కతే, అది తప్పని తెలియనిది కూడా ఆమె ఒక్కతికే. ఈ తరహా పొరపాటుకు ఇంగ్లీషులో ఉన్న మాలప్రాపిజం అన్న పేరే 1775 నాటి ఒక నాటకంలోని మిసెస్ మాలప్రాప్ అనే పాత్ర నుంచి వచ్చింది. అయితే ఆ మాలప్రాప్ డబ్బున్న ఇంటి మనిషి, ఆడంబరం కోసం పెద్ద మాటలు వాడుతుంది. హిల్డా అలా కాదు. నటి అక్కడే ఆ పాత్రను కాపాడింది.

కాపాడిందని ఎందుకంటున్నానంటే, ఆ పాత్ర చేతికి వచ్చినప్పుడు అందులో ఉన్నది వదరుబోతుతనం, చాడీలు, సోమరి మొగుడి మీద కేకలు. దాన్ని మనిషిని చేసింది జీన్ అలెగ్జాండర్. 1926లో లివర్‌పూల్‌లోని టాక్స్‌టెత్‌లో పుట్టింది, అసలు ఇంటిపేరు హాడ్జ్‌కిన్సన్. చదువయ్యాక లైబ్రరీలో సహాయకురాలిగా పనిచేసింది. 1949లో మాక్లెస్‌ఫీల్డ్‌లో ఒక నాటక బృందంలో చేరింది. తర్వాత ఏళ్ల తరబడి సౌత్‌పోర్ట్, స్టాక్‌పోర్ట్, యార్క్ లాంటి ఊళ్లలో నాటకాలు. నటించడమే కాదు, దుస్తులు చూడటం, రంగస్థల నిర్వహణ కూడా ఆమె పనులే. కొరొనేషన్ స్ట్రీట్‌లో 1962లో ఒక చిన్న వేషం వేసి వెళ్లింది. 1964లో హిల్డాగా వచ్చింది. అప్పటికి ఆమెకు దాదాపు 38 ఏళ్లు.

ఆ తలలో కర్లర్లు (జుట్టును వంకీలు తిప్పే గొట్టాలు), పైన తలగుడ్డ, ఒంటి మీద ఏప్రాన్: ఈ వేషం వెనక ఆమె జ్ఞాపకం ఉంది. రెండో ప్రపంచయుద్ధ కాలంలో ఆయుధాల ఫ్యాక్టరీల్లో పనిచేసే ఆడవాళ్లు జుట్టుకు కర్లర్లు చుట్టి, యంత్రాల్లో పడకుండా పైన గుడ్డ కట్టుకునేవాళ్లు. సాయంత్రం ఎవరైనా బయటికి రమ్మని పిలిస్తే జుట్టు సిద్ధంగా ఉండాలి కదా. హిల్డా ఆ కర్లర్లు అదే ఆశతో పెట్టుకుంది, ఆ పిలుపు మాత్రం రాలేదు. కాబట్టి కర్లర్లు ఆమె అలంకారంలో భాగం, అశ్రద్ధకు గుర్తు కాదు. మ్యూరియల్ కూడా ఆ ఆశ కడుపున పుట్టిన మాటే. ఈ రెండింటినీ కలిపి చూస్తే మీ వ్యాసానికి దారి దొరుకుతుంది.

నా ప్రతిపాదన ‘చిత్రలేఖ’. కుడ్య చిత్రలేఖనం అన్న మాటను హిల్డా ఎక్కడో విని ఉంటుంది. ఇంటికొచ్చిన వాళ్లతో ‘మా గోడ మీది చిత్రలేఖను చూశారా?’ అంటుంది. చివర ఒక్క అక్షరం రాలింది, ఆడపిల్ల పేరు మిగిలింది. ఇంగ్లీషులో ఒక అచ్చు చేరి పేరైతే తెలుగులో ఒక అక్షరం తగ్గి పేరవుతోంది. మాటలో గౌరవం చెక్కుచెదరలేదు.

ఇంకో సభ్యురాలు:

బాగుంది గానీ రెండు అభ్యంతరాలు. ఒకటి, చిత్రలేఖనం అంటే బొమ్మ వేయడమనే పని, గోడ మీద ఉన్నది చిత్రం. రెండు, చిత్రలేఖ అనగానే మనకు భాగవతంలో ఉషాదేవి చెలికత్తె గుర్తొస్తుంది. మాంచెస్టర్ వీధిలోకి బాణాసురుడి ఊరు వచ్చి కూర్చుంటుందేమో!

జవాబు:

మొదటి అభ్యంతరం సబబైనదే, అమ్మా. వ్యాకరణం తెలిసినవాళ్లు చిత్రం అంటారు. అయితే గొప్పగా మాట్లాడాలనుకునేవాళ్లు చిత్రం అన్న చిన్న మాటతో ఊరుకోరు. పెళ్లి శుభలేఖల్లోనూ సన్మానపత్రాల్లోనూ మనం చూస్తూనే ఉన్నాం, చిన్న మాట సరిపోయే చోట నాలుగు అక్షరాలు ఎక్కువే పడతాయి. హిల్డా పొడుగు మాటనే ఎంచుకుంటుంది.

రెండోదానికి నాకు భయం లేదు. ఉష కలలో చూసినవాడెవడో తెలుసుకోవడానికి దేవతల, రాజకుమారుల రూపాలన్నీ గీసి చూపించిన చిత్రకారిణి ఆ చిత్రలేఖ. బొమ్మ గురించిన మాటలో ఆమె నీడ పడితే పడనివ్వండి. ఆ పేరు గల ఆడవాళ్లు మన మధ్య ఇప్పటికీ ఉన్నారు, పురాణంతో పని లేకుండానే అది పేరుగా చెవిన పడుతుంది. హిల్డా చేత తెలుగు మాట్లాడించడానికి ఒప్పుకున్నాక ఆమె పొరపాటు కూడా తెలుగు పొరపాటే కావాలి. ఒక్క జాగ్రత్త: వ్యాసంలో మొదటిసారి ‘మ్యూరియల్’ అన్న అసలు మాట చెప్పి, ఆమె నోటి మాటలు వచ్చే చోట మాత్రమే చిత్రలేఖ వాడండి. వ్యాసం రాసే మీ గొంతులో అది ఎప్పుడూ గోడచిత్రమే.

ప్రశ్న అడిగిన సభ్యురాలు:

చిత్రలేఖ నాకు నచ్చింది, అదే పెడతాను. మరి భర్త స్టాన్‌ను ఆమె పేరు పెట్టి పిలుస్తుంది, కోపం వస్తే ‘స్టాన్లీ!’ అని కేక వేస్తుంది. ‘ఏవండీ’ అనిపించాలా?

జవాబు:

వద్దు. అక్కడ భార్యలు భర్తను పేరుతోనే పిలుస్తారని తెలుగు పాఠకులకు తెలుసు. పేరు పూర్తిగా పలకడంలోనే ఆమె కోపం ఉంది, దాన్ని అలాగే ఉంచండి. ‘ఏవండీ’ అంటే తెర మీద 20 ఏళ్లు సాగిన ఆ కాపురం పూర్తిగా వేరే కాపురమైపోతుంది.

స్టాన్ ప్రస్తావన వచ్చింది కాబట్టి ఒక దృశ్యం గురించి చెప్పకుండా ఉండలేను. ఆ పాత్ర వేసిన బెర్నార్డ్ యూయెన్స్ 1984 ఆగస్టులో చనిపోయారు. ఆ ఏడాది నవంబర్‌లో కథలో స్టాన్ కూడా చనిపోయాడు. అంత్యక్రియలయ్యాక హిల్డా ఇంట్లో ఒంటరిగా మిగులుతుంది. ఆసుపత్రి వాళ్లు ఇచ్చిన అతని వస్తువుల పొట్లం బల్ల మీద ఉంటుంది. విప్పుతుంది. అందులో అతని కళ్లజోడు పెట్టె. దాన్ని చేతిలోకి తీసుకుని ఏడుస్తుంది. 20 ఏళ్లు నోరు మూయని పాత్రకు రచయితలు అక్కడ మాటలు ఇవ్వలేదు, ఆమెకు అవి అవసరం పడలేదు. ఆ నటనకు రాయల్ టెలివిజన్ సొసైటీ పురస్కారం వచ్చింది. ‘మ్యూరియల్’ విని నవ్విన ప్రేక్షకులు ఈ దృశ్యం చూసి కన్నీళ్లు పెట్టుకోవడానికి కారణం ఒకటే అని నా నమ్మకం. ఆ మాటను ఆమె ఒక్కసారి కూడా ఇది తప్పని తనకు తెలుసన్నట్టు పలకలేదు. నటి పాత్ర పక్కన నిలబడి మనకు కన్ను గీటలేదు. మీ వ్యాసంలో మాట గురించి రాసిన పేరా పక్కనే ఈ దృశ్యం గురించీ రాయండి, దూరం చేయకండి.

హిల్డా వీధి విడిచి డెర్బీషైర్‌కు వెళ్లిపోయిన 1987 క్రిస్మస్ నాటి భాగాన్ని, తర్వాత మళ్లీ వేసిన ప్రసారంతో కలిపి, 2.6 కోట్లకు పైగా జనం చూశారు. ఆ సీరియల్ చరిత్రలో అదే పెద్ద సంఖ్య. ఇది ఎలాగూ రాస్తారు కాబట్టి నేను పొడిగించను.

మరో సభ్యుడు:

తర్వాత ఆమె ‘లాస్ట్ ఆఫ్ ది సమ్మర్ వైన్’లో పాత సామాన్ల కొట్టు నడిపే ఆంటీ వెయిన్‌రైట్‌గా చేసింది కదా. అక్కడ ‘ఆంటీ’ని ఏం చేయాలి? పిన్నా, అత్తా?

జవాబు:

ఏమీ చేయకండి, ఆంటీ అనే ఉంచండి. పిన్ని అంటే తల్లి వైపో, బాబాయి వైపో తేల్చాలి. అత్త అంటే మేనరికం దాకా వెళ్తుంది. ఊరంతా ఆమెను అలాగే పిలుస్తుంది, మన అపార్ట్‌మెంట్లలో పక్కింటి ఆవిడను పిల్లలు పిలిచేదీ ఆ మాటతోనే. చుట్టరికంతో పని లేని పిలుపుగా అది తెలుగులో ఎప్పుడో స్థిరపడింది. కొట్లోకి అడుగుపెట్టినవాడికి అక్కర్లేని వస్తువు అంటగట్టకుండా పంపని మనిషి ఆమె. ఆ పాత్రను 1988 నుంచి 2010లో సీరియల్ ముగిసేదాకా వేసింది. హిల్డాగా 23 ఏళ్లు, ఈ ఆంటీగా 22 ఏళ్లు. చాలామంది వ్యాసకర్తలు రెండో సగాన్ని ఒక్క వాక్యంలో తేల్చేస్తారు. మీరు ఆమెకు ఒక పూర్తి పేరా ఇవ్వండి. 2016 అక్టోబర్ 14న, 90వ పుట్టినరోజు దాటిన మూడు రోజులకు ఆమె చనిపోయిందన్న వాక్యం ఆ తర్వాతే రావాలి.