కంట్రీ గాయనుల స్నేహాలు: నిజమెంత, ప్రచారమెంత?

రాగమాలిక:
కంట్రీ మ్యూజిక్ (అమెరికా పల్లె పాటల నుంచి పెరిగిన సంగీతం) గాయనుల స్నేహాల మీద గంట పాడ్‌కాస్ట్ తయారు చేస్తున్నాను. అవార్డు ఫంక్షన్లలో కౌగిలింతలు, ఇద్దరు కలిసి పాడిన సింగిల్స్ (విడిగా విడుదల చేసే పాటలు) లేబుల్ వాళ్లు, అంటే రికార్డు కంపెనీ వాళ్లు, పెట్టించినవి కూడా కావచ్చు. మరి స్నేహం ఉందని దేన్ని చూసి చెప్పాలి? ఎవరితో మొదలుపెట్టాలి?

పాతరికార్డు:
ప్యాట్సీ క్లైన్, లొరెట్టా లిన్‌లతో మొదలుపెట్టండి. 1961 జూన్ 14న, కంట్రీ మ్యూజిక్‌కు కేంద్రమైన నాష్‌విల్‌లో కారు ప్రమాదం జరిగి ప్యాట్సీ ఆసుపత్రిలో ఉంది. అప్పటికి కొత్తగా వచ్చిన లొరెట్టా, ఎర్నెస్ట్ టబ్ రికార్డు షాపు నుంచి ప్రసారమయ్యే మిడ్‌నైట్ జాంబొరీ అనే రేడియో కార్యక్రమంలో ప్యాట్సీ హిట్ పాటే పాడి ఆమెకు అంకితమిచ్చింది. రేడియోలో విన్న ప్యాట్సీ ఆ అమ్మాయిని తీసుకురమ్మని భర్తకు చెప్పింది. 1963 మార్చి 5న విమాన ప్రమాదంలో ప్యాట్సీ చనిపోయింది. అంటే ఆ స్నేహం వయసు రెండేళ్లు కూడా లేదు.

కౌగిలింత ఫొటోల కన్నా గట్టి సాక్ష్యం ఒకటుంది. కొందరు గాయనులు లొరెట్టాను నాష్‌విల్‌లోని పేరున్న కంట్రీ రేడియో వేదిక గ్రాండ్ ఓల్ ఆప్రీకి రానివ్వకూడదని ఒకరింట్లో సమావేశం పెట్టుకున్నారు. ప్యాట్సీని కూడా పిలిచారు. ఆమె లొరెట్టాకు ఫోన్ చేసి చెప్పి, తనతోపాటు అక్కడికే తీసుకెళ్లింది. 1976లో వచ్చిన ఆత్మకథలో లొరెట్టాయే రాసింది. ఇది వదిలేసి ఆసుపత్రి ఘట్టం మాత్రమే చెబితే కథ మరీ తియ్యగా అయిపోతుంది.

మూడోగొంతు:
స్నేహం ఉన్నా రికార్డు రాకపోవడం ఎలా ఉంటుందో డాలీ పార్టన్, లిండా రాన్‌స్టాట్, ఎమ్మిలూ హారిస్‌ల దగ్గర తెలుస్తుంది. ముగ్గురూ కలిసి ఆల్బమ్ చేయడం 1970ల చివర్లోనే మొదలుపెట్టారు. తలా ఒక లేబుల్, తలా ఒక టూర్, కుదరలేదు. ఆ ఆల్బమ్ 'ట్రియో' 1987లో గానీ రాలేదు. రెండో ఆల్బమ్ 1994లో రికార్డు చేస్తే 1999లో వచ్చింది. తేదీల గొడవలో విసిగిపోయిన లిండా కొన్ని పాటల్లో డాలీ గొంతు తీసేసి 1995లో తన సొంత ఆల్బమ్‌లో వేసుకుంది. ఇదీ చెప్పండి, దాచొద్దు.

పాడ్‌కాస్ట్‌లో మొదటి 'ట్రియో' నుంచి మూడు ముక్కలు వినిపించండి: 'టు నో హిమ్ ఈజ్ టు లవ్ హిమ్'లో లీడ్ ఎమ్మిలూ, 'వైల్డ్‌ఫ్లవర్స్'లో డాలీ, 'టెల్లింగ్ మీ లైస్'లో లిండా. హెడ్‌ఫోన్స్‌తో వింటే లీడ్ పాడనివాళ్లు గొంతు ఎంత తగ్గించుకున్నారో తెలుస్తుంది. ముగ్గురి హార్మోనీ చెడేది ఎక్కువగా శ్రుతిలో కాదు. మాట చివరి హల్లులు వేర్వేరు క్షణాల్లో పడటం, ఒకరి గొంతులోని కంపనం (వైబ్రాటో) వెడల్పయి మిగతావాళ్లను ఊపేయడం, ఈ రెండే పాట పాడుచేస్తాయి.

వాటాలరాణి:
నేనైతే ముందు ఆల్బమ్ వెనక పాటలు రాసినవాళ్ల పేర్లు చూస్తాను. నాష్‌విల్‌లో వాడుక ఏమిటంటే, పాట రాసేటప్పుడు గదిలో ఎంతమంది ఉంటే ఆ పాట హక్కుల్లో అన్ని సమాన వాటాలు, ఎవరు ఎన్ని లైన్లు ఇచ్చారని లెక్కపెట్టరు. ముగ్గురైతే తలా 33.33 శాతం. వాటాల కాగితం ఆ రోజే రాసి సంతకాలు చేయాలి. పాట హిట్టయ్యాక కూర్చుంటే స్నేహం అక్కడే తెగుతుంది. మిరాండా లాంబర్ట్, యాష్లీ మన్రో, ఆంజలీనా ప్రెస్లీల పిస్టల్ ఆనీస్ 2011 నుంచి ఇలా కలిసి రాసే బృందమే. ఒక్క డ్యూయెట్ సింగిల్‌కు ప్రచారం కారణం కావచ్చు, ఏళ్ల తరబడి కలిసి రాసిన పాటలకు కాదు.

రాగమాలిక:
ఉపయోగపడింది. గాయనుల మధ్య పోటీ సంగతి?

వాటాలరాణి:
ఆ పోటీని చాలావరకు రేడియోయే పుట్టించింది. ఇద్దరు గాయనుల పాటలు వెంటవెంటనే వేయకూడదన్న అలిఖిత నియమం కంట్రీ స్టేషన్లలో చాలాకాలం నడిచింది. 2015లో కీత్ హిల్ అనే రేడియో కన్సల్టెంట్ గాయనులను సలాడ్‌లో టొమాటోలతో పోల్చి, తక్కువ వేయమని బాహాటంగానే సలహా ఇచ్చాడు. ఉన్నదే ఒక ఖాళీ అయితే స్నేహితురాలి పాట తన పాటకు అడ్డమవుతుంది. 2019లో బ్రాండీ కార్లైల్, మారెన్ మారిస్, అమాండా షైర్స్, నటాలీ హెంబీ హైవిమెన్ అనే బృందంగా కలిసింది ఈ పరిస్థితిని ఎదుర్కోవడానికే. వాళ్లను చివరి పది నిమిషాలకు ఉంచుకోండి, అంతకుముందే టొమాటోల సంగతి చెప్పేయండి.