ఐదేళ్లకే పేరు తెచ్చుకున్న జపాన్ బాలనటి మనా ఆషిదా ఇన్నేళ్లు ఎలా నిలబడగలిగింది?

ప్రశ్న – చిత్రవీక్షణం

ఈ మధ్య ‘మదర్’ అనే జపాన్ టెలివిజన్ ధారావాహిక చూశాను. 2010లో నిప్పన్ టీవీలో ప్రసారమైన ఈ పదకొండు భాగాల కథలో, ఇంట్లో చిత్రహింసలు పడుతున్న ఒక పాపను బడిలో తాత్కాలికంగా పనిచేస్తున్న ఉపాధ్యాయురాలు హొక్కైడోలోని మురొరాన్ నుంచి ఎవరికీ తెలియకుండా తీసుకుపోయి, తన బిడ్డగా పెంచుకోవాలని చూస్తుంది. చట్టం దృష్టిలో అది అపహరణ. ఆ పాపగా వేసిన మనా ఆషిదా నటన చూశాక ఆమె గురించి తెలుసుకోవాలనిపించింది.

అంత చిన్న వయసులో అంత పేరు వచ్చిన పిల్లలు సాధారణంగా పెద్దయ్యాక తెరమీద కనిపించరు. ఈమె మాత్రం ఇప్పటికీ నటిస్తూనే ఉన్నదని విన్నాను. చదువును, పనిని ఎలా సర్దుకున్నది? అక్కడి చట్టాలు పిల్లల నటన విషయంలో ఏమంటున్నాయి? ఆమె పనిని మొదటిసారి చూసేవారు ఏ వరుసలో చూస్తే బాగుంటుంది? తెలిసినవారు వివరంగా చెప్పగలరు.

సమాధానం – తెరవెనుక

మనా ఆషిదా 2004 జూన్ 23న హ్యోగో ప్రాంతంలోని నిషినోమియాలో పుట్టింది. మీరు చూసిన ‘మదర్’లోని పాప వయసు ఏడేళ్లు, ఆ పాత్ర వేసేనాటికి ఆమెకు ఐదేళ్లే. అదే ఏడాది తెత్సుయా నకాషిమా దర్శకత్వంలో వచ్చిన ‘కన్ఫెషన్స్’లో హత్యకు గురైన పాపగా కొద్దిసేపే కనిపించినా, సినిమా మొత్తం ఆ పాప లేని లోటు చుట్టూనే తిరుగుతుంది.

అసలు ఉప్పెన 2011లో వచ్చింది. ఫుజీ టీవీలో ‘మారుమో నో ఒకితె’ అనే ఆదివారపు ధారావాహికలో తండ్రి చనిపోయిన కవలల్లో ఆమె ఒకరు, ఫుకు సుజుకి మరొకరు. ఆ పిల్లలను పెంచే ఒంటరి మనిషిగా సదావో అబే నటించాడు. చివరి భాగానికి 23.9 శాతం రేటింగు వచ్చింది. పిల్లలిద్దరూ పాడుతూ ఆడిన ముగింపు పాట దేశమంతా మారుమోగింది, ఆ ఏడాది చివరిరోజున జపాన్ ప్రజా ప్రసార సంస్థ ఎన్‌హెచ్‌కే ప్రసారం చేసే ‘కోహాకు’ గాన సంబరంలో ఏడేళ్ల వయసులో ఇద్దరూ పాల్గొన్నారు. అదే సంవత్సరం ‘ఉసాగి డ్రాప్’ సినిమా వచ్చింది, జపాన్ సినిమాలకిచ్చే బ్లూ రిబ్బన్ పురస్కారాల్లో నూతన నటి బహుమతీ దక్కింది. 2013లో గియెర్మో దెల్ తోరో తీసిన ‘పసిఫిక్ రిమ్’లో శిథిలమైన టోక్యో వీధిలో ఎర్రబూటు చేతపట్టుకుని ఏడుస్తూ పరుగెత్తే పాప కూడా ఈమే. (దర్శకుడి పేరు పలకలేకపోతుంటే, ఒక జపాన్ యానిమేషన్ పాత్ర పేరుతో తనను ‘తొతొరో గారూ’ అని పిలవమని ఆయనే చెప్పాడట.)

ఇక మీ అసలు ప్రశ్న. ఆమె నిలబడటానికి కారణం పేరు వచ్చిన వేగంతోనే పని పెంచుకోకపోవడమేనని నా అభిప్రాయం. 2014లో ‘ఎన్తాకు’ సినిమాలో ప్రధాన పాత్ర వేశాక, మళ్లీ తెరమీద కథానాయికగా కనిపించింది 2020 నాటి ‘హోషి నో కో’లోనే. నడుమ ఉన్న ఆరేళ్లలో ఆమె మాయమైపోలేదు గాని, ముఖం కంటే గొంతే ఎక్కువ వినిపించింది. 2018లో మొదలైన ఎన్‌హెచ్‌కే ఉదయపు ధారావాహిక ‘మాన్‌పుకు’కు పద్నాలుగేళ్ల వయసులో నేపథ్య వ్యాఖ్యానం చెప్పింది, ఆ ధారావాహికల చరిత్రలో అంత చిన్న వయసు వ్యాఖ్యాత అంతకుముందు లేరు. 2019లో ‘చిల్డ్రన్ ఆఫ్ ది సీ’ యానిమేషన్ చిత్రానికి ప్రధాన పాత్రకు గొంతునిచ్చింది. పసితనపు ముఖం పోయి పెద్దరికపు ముఖం ఇంకా రాని ఆ వయసులోనే చాలామంది బాలనటులు దెబ్బతింటారు. గొంతుతో చేసే పనికి ఆ ఇబ్బంది లేదు. దీన్ని ఎవరు ఆలోచించి చేశారో గాని, చాలా తెలివైన దారి.

సమాధానం – న్యాయదృష్టి

చట్టం సంగతి నేను చెబుతాను. జపాన్ కార్మిక ప్రమాణాల చట్టంలోని 56వ నిబంధన ప్రకారం, పదిహేనేళ్లు నిండాక వచ్చే మార్చి 31 వరకు పిల్లలను ఉద్యోగంలో పెట్టుకోకూడదు. కొన్ని తేలికపాటి పనులకు పదమూడేళ్లు నిండినవారికి మినహాయింపు ఉంది. పదమూడు నిండనివారికి మాత్రం ఆ మినహాయింపు సినిమా నిర్మాణం, నాటక ప్రదర్శన వంటి పనులకే. దానికీ కార్మిక ప్రమాణాల పర్యవేక్షణ కార్యాలయం అనుమతి తీసుకోవాలి. చదువుకు ఆటంకం లేదని బడి ప్రధానోపాధ్యాయుడు ఇచ్చే ధ్రువపత్రం, తల్లిదండ్రుల సమ్మతి పత్రం నిర్మాణసంస్థ దగ్గర ఉండాలి.

పనివేళల లెక్కలో ఒక విశేషం ఉంది. రోజుకు ఏడు గంటలు, వారానికి నలభై గంటలు అనే పరిమితిలో బడిలో గడిపే సమయాన్ని కూడా కలుపుతారు. అంటే బడి ఉన్న రోజున షూటింగుకు మిగిలేది కొద్దిసేపే. రాత్రి ఎనిమిది నుంచి ఉదయం ఐదు వరకు పని నిషిద్ధం. రంగస్థల ప్రదర్శనలకు మాత్రం తొమ్మిది వరకు సడలింపు ఇచ్చారు. ప్రత్యక్ష ప్రసారాల్లో చిన్నపిల్లలను ఎనిమిదిలోపే వేదిక మీదికి తెచ్చి పంపించివేయడానికి కారణం ఇదే.

అయితే ఈ చట్టం గంటలను మాత్రమే లెక్కపెడుతుంది. ఏ కథ పిల్లల చేత చెప్పించవచ్చునన్నది దాని పరిధిలోనిది కాదు. 2014లో మనా ఆషిదా ప్రధాన పాత్రలో వచ్చిన ‘ఆషితా, మామా గా ఇనాయి’ విషయంలో ఆ చర్చే రేగింది. పిల్లల సంరక్షణ గృహంలో సాగే ఆ కథలో ఆమె పాత్రకు ‘పోస్ట్’ అని మారుపేరు పెట్టారు. తల్లిదండ్రులు పెంచలేని పసికందులను అప్పగించేందుకు పెట్టిన అరలో దొరికిన బిడ్డ కనుక ఆ పేరు. అటువంటి అరను 2007 నుంచి నిజంగా నడుపుతున్న కుమామొతోలోని జికెయి ఆసుపత్రి ప్రసారం ఆపమని కోరింది, ప్రకటనకర్తలంతా తమ ప్రకటనలను విరమించుకున్నారు. ధారావాహిక మాత్రం చివరిదాకా ప్రసారమైంది. నటించిన పిల్లలపై ఎవరూ వేలు చూపలేదు, అది న్యాయం కూడా.

సమాధానం – పాతచిత్రాలు

‘తెరవెనుక’ గారి మాటతో కొంతవరకే ఏకీభవిస్తాను. పని తగ్గించుకోవడం అనేది ఆ అవకాశం ఉన్నవారికే సాధ్యం. హిదెకో తకమినెను గుర్తుచేసుకోండి. తల్లి పోగా మేనత్త పెంపకంలోకి వెళ్లిన ఆ పాప 1929లో, ఐదేళ్ల వయసులో, షోచికు సినిమా సంస్థ వారి ‘హహా’ చిత్రంతో తెరమీదికి వచ్చింది. 1931లో దర్శకుడు యసుజిరో ఒజు తీసిన ‘టోక్యో కోరస్’లో కూతురుగా కనిపిస్తుంది. బడికి సరిగా వెళ్లే వీలే లేకపోయింది, ఎందుకంటే ఆమె సంపాదన మీద ఇల్లు నడిచేది. ఆమె విరామం లేకుండా నటిస్తూనే పెరిగి, 1954లో ‘ఇరవైనాలుగు కళ్లు’, 1955లో ‘తేలే మబ్బులు’ వంటి చిత్రాలతో జపాన్ సినిమాలో అగ్రశ్రేణి నటి అయింది. అంటే ఆపకుండా పనిచేసి కూడా నిలబడవచ్చు, అయితే దానికి ఆమె చెల్లించిన మూల్యం బాల్యమే.

ఇంకొక దారి నొజొమి ఒహాషిది. ‘పొన్యో’ యానిమేషన్ చిత్రపు పాటతో 2008లో దేశానికంతటికీ తెలిసిన ఆ అమ్మాయి 2012 మార్చిలో, ప్రాథమిక పాఠశాల ముగియగానే, నటనారంగం నుంచి పూర్తిగా తప్పుకుంది. దాన్ని ఓటమిగా లెక్కించడం నాకు నచ్చదు.

సమాధానం – తెరవెనుక

‘పాతచిత్రాలు’ గారు చెప్పింది నిజమే, నా మాటను సవరించడానికి అభ్యంతరం లేదు. మనా ఆషిదాకు చదువుకునే వీలు దొరికింది, దాన్ని ఆమె వాడుకుంది. 2017లో కెయో మాధ్యమిక పాఠశాలలో చేరి, 2023లో కెయో విశ్వవిద్యాలయపు న్యాయ విభాగంలో రాజనీతిశాస్త్ర విద్యార్థిని అయింది. 2019 నవంబరులో కొత్త చక్రవర్తి పట్టాభిషేకాన్ని పురస్కరించుకుని జరిగిన జాతీయ ఉత్సవంలో పదిహేనేళ్ల వయసులో ప్రసంగించే గౌరవం కూడా దక్కింది.

వరుస గురించి అడిగారు కనుక: ‘మదర్’ ఎలాగూ చూశారు. తరువాత ‘హాంక్యూ రైలు’ (2011) చూడండి. ఆమె సొంత ఊరు నిషినోమియా మీదుగా పోయే రైలు దారిలో జరిగే కథ అది. అందులో నొబుకో మియామొతోకు ఈమె మనవరాలు. అక్కడి నుంచి నేరుగా ‘మెటమార్ఫోజ్ నో ఎన్‌గావా’ (2022)కు వెళ్లండి. మాంగా (జపాన్ బొమ్మల కథల) పుస్తకాల వల్ల స్నేహితులైన పదిహేడేళ్ల విద్యార్థినిగా, డెబ్బై అయిదేళ్ల వృద్ధురాలిగా మళ్లీ వీరిద్దరే నటించారు. ఆ తరువాత ‘హోషి నో కో’. ఒక కొత్త మతాన్ని నమ్ముకున్న తల్లిదండ్రులకూ బయటి ప్రపంచానికీ నడుమ నలిగే అమ్మాయిగా ఆమె దాదాపు మాటలు లేకుండా, చూపులతోనే నెట్టుకొచ్చింది. ‘మారుమో’ను మాత్రం చివరకు ఉంచుకోండి, అది మొదట చూస్తే ఆమెను ముద్దులొలికే పాపగానే గుర్తుపెట్టుకునే ప్రమాదం ఉంది.